చేతి ప్రెస్‌తో ఎస్ప్రెస్సో లాంటి కాఫీ: ఒత్తిడి వెంట పడి రుచి పోగొట్టుకున్న ఒక కేసు

ఇళ్లలో కాఫీ చేసుకునేవాళ్లకి గ్రైండ్, కొలతలు, సామాను విషయంలో సాయం చేయడం నా పని. నా దగ్గరికి ఎక్కువగా వచ్చే ప్రశ్న ఒకటుంది: చేతి ప్రెస్ కొన్నాం, దానికి వాల్వ్ మూత కొన్నాం, మెటల్ ఫిల్టర్ కొన్నాం, అయినా ఎస్ప్రెస్సో లాంటి కాఫీ ఎందుకు రావట్లేదు? ఈ కేసులో ఆ ప్రశ్నకి సంబంధించిన చిక్కులు దాదాపు అన్నీ ఒకేచోట దొరికాయి, అందుకే రాస్తున్నాను. ఇది ఇంట్లో కాఫీ చేసుకునే ఒకావిడ కేసు, ఆవిడ అనుమతి తీసుకున్నాను. మనిషిని గుర్తుపట్టే వివరాలు తీసేశాను, యాక్సెసరీలు ఏ కంపెనీవో కూడా చెప్పట్లేదు. ఆ తరహా సామాను ఏదైనా పని చేసే పద్ధతి ఒకటే కాబట్టి చదివేవాళ్లకి ఆ లోటు తెలియదు.

నేపథ్యం

ఆవిడకి చాలా ఏళ్లుగా ఆఫీసులో పంప్ ఉన్న ఎస్ప్రెస్సో మెషిన్ అలవాటు. డబుల్ షాట్ (ఒత్తిడితో తీసిన రెండింతల చిక్కటి కాఫీ) మీద పాలు పోసుకుని తాగేవారు. ఇంటినుంచి పని మొదలయ్యాక ఆ రుచే కావాలనిపించింది, కానీ వంటింట్లో మెషిన్‌కి చోటు లేదు. దాన్ని శుభ్రం చేసే ఓపికా లేదు. అందుకని ఏరోప్రెస్ తరహా ప్రెస్ తీసుకున్నారు, అంటే ఒక గొట్టం, అందులోకి దిగే ప్లంజర్, దాని చివర రబ్బరు సీల్, కింద ఫిల్టర్ పెట్టి బిగించే మూత. మొదటి కాఫీ పల్చగా రావడంతో యాక్సెసరీలు మొదలయ్యాయి. నా దగ్గరికి వచ్చేసరికి ఒత్తిడి పడితేగానీ తెరుచుకోని వాల్వ్ మూత, దానితో వచ్చిన సన్నటి మెటల్ ఫిల్టర్, విడిగా కొన్న ఇంకో మెటల్ ఫిల్టర్, ఒక జాలీ బిళ్ల, పేపర్ ఫిల్టర్ల కట్ట పోగయ్యాయి. గ్రైండర్ మాత్రం మంచిది, చేత్తో తిప్పేది, సన్నగా నలగ్గొడుతుంది. 0.1 గ్రాము చూపించే తూకం కూడా ఉంది.

ఇంకో ముఖ్యమైన విషయం, ఆవిడకి కుడి మణికట్టు నొప్పి ఉంది. ఇది మొదట నాకు చెప్పలేదు. ప్రెస్ నొక్కుతుంటే చూసి నేనే అడిగాను. తర్వాత తీసుకున్న నిర్ణయాల్లో సగం దీన్నిబట్టే మారాయి.

సమస్య

ఆవిడ చెప్పిన ఫిర్యాదులు ఇవి. కాఫీ పుల్లగా ఉంటుంది, పాలు పోస్తే అసలు కాఫీ వాసనే తెలియదు. నురుగు వస్తుంది గానీ నిమిషంలో పోతుంది. నొక్కడానికి చాలా బలం పడుతోంది, అయినా కొంత నీరు ప్లంజర్ పక్కనుంచి పైకి వచ్చేస్తోంది.

ఏదీ మార్చకుండా రోజూ ఎలా చేస్తారో అలాగే చేసి చూపించమన్నాను. ఎవరితోనైనా నేను ఇక్కడే మొదలుపెడతాను, ఎందుకంటే తమ రెసిపీ ఏమిటో నోటితో చెప్పేదానికీ చేతులు చేసేదానికీ మధ్య తేడా ఉంటుంది. పొడి 18 గ్రాములు, చాలా సన్నం, దాదాపు గోధుమపిండిలా. లైట్ రోస్ట్, అంటే తక్కువగా వేయించిన గింజలు. నీళ్లు మరిగాక బాగా ఆగి 85 డిగ్రీల దగ్గర 50 గ్రాములు పోశారు. ఒకసారి అటూ ఇటూ కలిపి, వెంటనే ప్లంజర్ పెట్టి, మణికట్టు వంచి పూర్తి బలంతో నొక్కారు. మొత్తం 40 సెకన్లు పట్టింది. కప్పులోకి వచ్చింది 23 గ్రాములు. దాని మీద 150 మి.లీ. పాలు.

ఆ 23 గ్రాముల్లోంచి కొంచెం తీసి, సన్నటి సిరంజ్ ఫిల్టర్‌తో వడగట్టి రిఫ్రాక్టోమీటర్ (ద్రవంలో ఎంత పదార్థం కరిగి ఉందో శాతంలో చూపే పరికరం) మీద పెట్టాను. మెటల్ ఫిల్టర్ కాఫీలో కరగని నలుసులు తేలుతుంటాయి కాబట్టి వడగట్టకుండా కొలిస్తే అంకె నమ్మలేం. 5 శాతం చూపించింది. అంటే కప్పులో ఉన్న కాఫీ పదార్థం మొత్తం 1.15 గ్రాములు. ఆవిడ అలవాటుపడ్డ మెషిన్ షాట్ మామూలుగా 18 గ్రాముల పొడికి 36 గ్రాములు వస్తుంది, 9 శాతం దగ్గర ఉంటుంది, అంటే 3.2 గ్రాములు. అక్కడ 3.2 గ్రాముల మీద పోసుకున్నన్ని పాలే ఇక్కడ 1.15 గ్రాముల మీద పోస్తున్నారు. కాఫీ తెలియకపోవడంలో వింతేం లేదు. నురుగు గురించి, వాల్వ్ గురించి, ఫిల్టర్ల గురించి ఎంతో ఆలోచించారు గానీ ఈ లెక్క ఎవరూ ఆవిడకి చెప్పలేదు.

మొదట సీల్ ఎందుకు

ఇన్ని సమస్యలు కనిపించినప్పుడు రుచిని సరిచేయాలని చేయి లాగుతుంది. నేను సీల్ దగ్గర మొదలుపెట్టాను. కారణం ఒకటే: పక్కనుంచి నీరు కారుతుంటే ఎంత ఒత్తిడి పడుతోంది, ఎంత నీరు పొడి గుండా వెళ్లింది అన్నవి రెండూ తెలియవు, అప్పుడు ఏ మార్పు పని చేసిందో ఎప్పటికీ తేలదు. వాల్వ్ మూత బిగించి, పొడి లేకుండా వట్టి నీళ్లు పోసి నెమ్మదిగా నొక్కించాను. సీల్ పైన తడి చేరింది. విడదీసి చూస్తే రబ్బరు ఒకవైపు అణిగిపోయి ఉంది. రోజూ కడిగాక ప్లంజర్‌ని గొట్టంలో సగం వరకు దింపి దాచేవారట. అలా దాస్తే సీల్ ఎప్పుడూ నొక్కుకునే ఉండి ఆకారం పోతుంది. ప్లంజర్‌ని పూర్తిగా అవతలికి తోసేసి గానీ, బయటికి తీసి గానీ పెట్టాలి. కొత్త సీల్ వేశాక కారడం ఆగింది, నొక్కడం కూడా కాస్త తేలికైంది. రుచి మాత్రం ఏమీ మారలేదు. ఆ సంగతి నోట్ చేసుకోమన్నాను, ఎందుకంటే ఒత్తిడి లీకవడం వల్లే పులుపు అన్న ఆవిడ అనుమానం అక్కడితో తీరిపోయింది.

ఒత్తిడి లెక్క

"గట్టిగా నొక్కితేనే కదండీ ఎస్ప్రెస్సో?" అని అడిగారు. మాటలతో వాదించకుండా ఒళ్లు బరువు చూసుకునే తూకం తెప్పించాను. నేల మీద కాదు, బల్ల మీద పెట్టి, దాని మీద కప్పూ ప్రెస్సూ ఉంచి, ఆ బరువు సున్నా చేసి నొక్కమన్నాను. ఆవిడ ఇబ్బంది లేకుండా నొక్కగలిగింది 14 కిలోలు. ఒళ్లంతా వంచి ఆనితే 30 దాకా వచ్చింది, కానీ మణికట్టు పట్టుకున్నారు.

గొట్టం లోపలి వ్యాసం దాదాపు 6 సెంటీమీటర్లు, అంటే వైశాల్యం 28 చదరపు సెంటీమీటర్లు. ఒక బార్ అంటే చదరపు సెంటీమీటరుకి ఒక కిలో కంటే రవ్వంత ఎక్కువ. 14 కిలోలు నొక్కితే అర బార్. 30 నొక్కితే ఒక బార్. మెషిన్లు వాడే 9 బార్లు రావాలంటే ఈ గొట్టం మీద సుమారు 260 కిలోలు పెట్టాలి. మనిషి చేతితో అయ్యే పని కాదు, ప్లాస్టిక్ గొట్టంతో చేయాల్సిన పని అసలే కాదు.

వాల్వ్ మూత ఆ ఒత్తిడిని పెంచుతుందని ఆవిడ నమ్మకం. చాలామంది నమ్మకం కూడా అదే. లోపలి ఒత్తిడి ఎంతన్నది మనం పెట్టే బలాన్ని, ప్లంజర్ వైశాల్యాన్ని బట్టి ఉంటుంది, కింద రంధ్రం చిన్నదైనంత మాత్రాన మన చేతి బలం పెరగదు. నిజానికి జరిగేది ఇంకోటి. మనం ఇచ్చిన అర బార్‌లో కొంత పొడి గుండా నీరు వెళ్లడానికి ఖర్చవుతుంది, కొంత ఆ సన్నటి రంధ్రం దగ్గర ఖర్చవుతుంది. అంటే వాల్వ్ ఉంటే పొడి మీద పనిచేసే వాటా ఇంకా తగ్గుతుంది. తోటలో నీళ్ల పైపు చివర వేలు అడ్డం పెడితే నీరు దూరంగా చిమ్ముతుంది కదా, ఇక్కడ నురుగు అలాగే పుడుతోంది: కాఫీ రంధ్రంలోంచి వేగంగా చిమ్మి, గాలినీ పొడిలోంచి వచ్చిన కార్బన్ డయాక్సైడ్‌నీ కలుపుకుని బుడగలు కడుతుంది. పెద్ద బుడగలు, అందుకే నిలవవు. మెషిన్ షాట్ మీద నిలిచే సన్నటి నురుగుని క్రీమా అంటారు, అందులో ఎక్కువ ఒత్తిడికి గ్యాస్ ద్రవంలోనే కరిగి, బయటికి రాగానే సన్నటి బుడగలుగా విడుదలవుతుంది, నూనెలు కూడా చిన్న బిందువులుగా చిట్లి కలిసిపోతాయి. రెండూ పైకి ఒకేలా కనిపిస్తాయి గానీ పుట్టుక వేరు.

ఆవిడ ముఖం చిన్నబోయింది. అప్పుడు ఎస్ప్రెస్సో చరిత్రలో ఒక ముక్క చెప్పాను, ఎందుకంటే అది నిజంగా ఇక్కడ పనికొస్తుంది. ఇటలీకి చెందిన బెజ్జెరా 1901లో పేటెంట్ తీసుకున్న తొలి తరం మెషిన్లు ఆవిరి ఒత్తిడితో నడిచేవి, అది ఒకటిన్నర బార్ దగ్గరే ఉండేది. దాన్ని కూడా జనం ఎస్ప్రెస్సో అనే తాగారు, దాని మీద ఇప్పుడు మనం చూసే క్రీమా లేదు. 1940ల చివర్లో గాజియా అనే ఇటలీ కంపెనీ లివర్ (మీట) మెషిన్లు వచ్చి ఒత్తిడి బాగా పెరిగాకే క్రీమా వచ్చింది. చిక్కటి చిన్న కాఫీ అన్న ఆలోచన క్రీమా కంటే ముందుది. మనకి దొరికేది ఆ చిక్కదనమే, దాని మీదే పని చేద్దాం అన్నాను. అక్కడ లక్ష్యం మార్చుకున్నాం: నురుగు కాదు, 120 మి.లీ. కప్పులో పాలు కలిపాక కూడా కాఫీ గట్టిగా తెలియాలి, మణికట్టు నొప్పి రాకూడదు.

చేసి వదిలేసినవి

గ్రైండ్ ఇంకా సన్నం చేయడం. కొత్త సీల్ వేశాక దీన్ని మళ్లీ చూద్దామని ఆవిడే అడిగారు, సరే అన్నాను, కళ్లతో చూస్తేనే అనుమానం పోతుంది. ప్లంజర్ సగంలో ఆగిపోయింది. ఎక్కువ బలం పెడితే ఒక్కసారిగా జారింది, అంటే పొడి ముద్దలో ఎక్కడో దారి పడి నీరంతా అటు పోయింది. రుచి చూస్తే పులుపూ చేదూ రెండూ ఉన్నాయి. నీరు పోయిన దారి పక్కన ఉన్న పొడి మరీ ఎక్కువ పిండబడింది, మిగతాది సరిగా తడవనే లేదు. మెషిన్‌లో అంత సన్నటి గ్రైండ్ పనిచేయడానికి కారణం వెనక ఉన్న 9 బార్లు, అర బార్‌కి అది గోడ. ఇందులో ప్రమాదం కూడా ఉంది. ఇరుక్కున్న ప్లంజర్‌ని బలంగా తోస్తే కప్పు జారి మరిగే నీళ్లు చేతి మీద పడతాయి. కదలకపోతే నొక్కడం ఆపేయాలి. మూత మాత్రం అప్పుడు విప్పకూడదు, లోపల ఒత్తిడి ఉంటుంది. ముందు ప్లంజర్‌ని నెమ్మదిగా పైకి లాగి ఒత్తిడి పోగొట్టాలి.

ఫిల్టర్లు పేర్చడం. పేపర్, మెటల్, జాలీ బిళ్ల కలిపి వేసుకునేవారు, ఎన్ని ఉంటే అంత అడ్డు, అంత ఒత్తిడి అని. పేపర్ పైన, మెటల్ కింద పెడితే సన్నటి పొడి పేపర్‌కి అంటుకుని దారి మూసుకుంది. పేపర్ కింద, మెటల్ పైన పెడితే కాస్త నయం. కానీ పేపర్ నూనెల్ని, సన్నటి నలుసుల్ని పట్టేస్తుంది. బ్లాక్ కాఫీకి అది మంచి గుణం, నేను స్వయంగా అలాగే తాగుతాను. పాలు కలిపే చిక్కటి కాఫీకి మాత్రం నోట్లో నిండుగా తగిలే ఆ బరువే కావాలి, దాన్ని పేపర్‌లో వదిలేస్తున్నాం. జాలీ బిళ్ల పొడి పైన పెట్టే రకం. మెషిన్‌లో నీరు పైనుంచి వేగంగా పడుతుంది కాబట్టి అది నీటిని సమానంగా పంచుతుంది, ఇక్కడ పొడి ముందే నీళ్లలో కలిసి ఉంది, పంచడానికి ఏమీ లేదు. తీసి పక్కన పెట్టించాను. చివరికి మిగిలింది వాల్వ్ మూత, దాని సొంత మెటల్ ఫిల్టర్.

నురుగు కోసం అప్పుడే వేయించిన గింజలు తేవడం. నురుగు పెరిగింది, నిజమే. కానీ లోపల గ్యాస్ పొంగి, మనం నొక్కకముందే వాల్వ్ తెరుచుకుని కారడం మొదలైంది. నానకుండానే కారిన ఆ మొదటి భాగమే కప్పులో పులుపు. పైగా పొంగిన పొడి నీళ్లలో సరిగా మునగదు. వేయించాక ఒక వారం పైన ఆగిన గింజలతో ఇదంతా సర్దుకుంది.

కారడానికి ఇంకో కారణం కూడా దొరికింది. నీళ్లు పోయగానే ప్లంజర్ పెట్టడం ఆవిడ అలవాటు. మామూలు మూతతో అది మంచి కిటుకే, ప్లంజర్ పెట్టి రవ్వంత పైకి లాగితే లోపల గాలి పలచబడి కారడం ఆగుతుంది. వాల్వ్ మూతతో ఫలితం తిరగబడుతుంది, ఎందుకంటే ప్లంజర్ దింపేటప్పుడు నొక్కుకున్న గాలే వాల్వ్‌ని తెరిచేస్తుంది. నానేంత సేపూ పైన చిన్న ప్లేటు మూస్తే సరిపోతుంది, ప్లంజర్ నొక్కబోయే ముందే పెట్టాలి.

పని చేసినవి

ఇక్కడినుంచి నా ఆలోచన ఇలా సాగింది. ఒత్తిడి లేదు. మరి పొడిలోంచి రుచిని బయటికి తెచ్చేది ఏమిటి? వేడి, సమయం, కలపడం, నీటి పరిమాణం. వాల్వ్ మూత అసలు గొప్పతనం కూడా ఇక్కడే ఉంది. అది కారకుండా ఆపుతుంది, దానివల్ల ఎంతసేపు కావాలంటే అంతసేపు నానబెట్టుకోవచ్చు. దాన్ని ఒత్తిడి యంత్రంగా చూసినంతకాలం ఆవిడ ఆ సమయాన్ని వాడుకోలేదు.

ముందు వేడి. థర్మామీటర్ పొడి నీళ్లలో పెట్టి చూస్తే ఆవిడ పద్ధతిలో 74 డిగ్రీలు. కెటిల్‌లో 85 ఉండొచ్చు, కానీ 50 గ్రాముల నీళ్లంటే ఎంత, చల్లటి గొట్టం, చల్లటి పొడి తగలగానే పడిపోతుంది. పెద్ద కప్పు కాఫీకి రాసిన ఉష్ణోగ్రతల్ని ఇంత తక్కువ నీళ్లకి వాడకూడదు. గొట్టాన్ని ముందే మరిగే నీళ్లతో నింపి వేడి చేసి పారబోసి, తర్వాత మరిగిన నీళ్లు ఆగకుండా పోయించాను. లోపల 88 వచ్చింది. ఈ ఒక్క మార్పుతోనే పులుపు సగం తగ్గింది.

తర్వాత గింజలు. లైట్ రోస్ట్‌ని ఈ కొద్ది నీళ్లతో పూర్తిగా రాబట్టడం కష్టం, అది గట్టిగా ఉంటుంది, నెమ్మదిగా కరుగుతుంది. ముదురుగా వేయించిన గింజ పెళుసుగా ఉండి తేలిగ్గా వదులుతుంది. మీడియం డార్క్‌కి మారమన్నాను. ఆవిడకి లైట్ రోస్ట్ పూల వాసన ఇష్టం, అది పోతుందని బాధపడ్డారు. పాలు కలిపాక ఆ వాసన ఎలాగూ తెలియట్లేదని ఆవిడే రుచి చూసి ఒప్పుకున్నారు. లైట్ రోస్ట్‌ని మధ్యాహ్నం పేపర్ ఫిల్టర్‌తో బ్లాక్‌గా తాగడానికి ఉంచుకున్నారు. మంచి ఏర్పాటు.

గ్రైండ్‌ని మెషిన్ ఎస్ప్రెస్సో కంటే కొంచెం ముతకకి తెచ్చాం, వేళ్ల మధ్య రుద్దితే పిండిలా కాకుండా సన్నటి ఉప్పులా తగలాలి. నీళ్లు పోశాక 15 సెకన్లు గట్టిగా, అడుగు దాకా కలపాలి. ఇంత తక్కువ నీళ్లలో అడుగున పొడి ఉండలు మిగిలిపోతాయి, బయటికి కనిపించవు. తర్వాత కదపకుండా నిమిషంన్నర. నిమిషానికీ నిమిషంన్నరకీ తేడా నాలుకకి తెలిసింది, రెండు నిమిషాలు దాటాక కొత్తగా ఏమీ రాలేదు, వేడి మాత్రం పడిపోయింది.

ఇప్పుడు అసలు కీలకం, నీటి పరిమాణం. ఈ కేసు రాయడానికి ఇదే ప్రధాన కారణం.

చిక్కగా కావాలంటే నీళ్లు తగ్గించాలి, ఇది అందరికీ సహజంగా తోచేది, ఆవిడ 50 గ్రాములకి దిగడం అందుకే. కానీ పొడి నీటిని పట్టి ఉంచుతుంది. గట్టిగా నొక్కాక కూడా గ్రాము పొడి దాదాపు 1.4 గ్రాముల నీళ్లు దాచుకుంటుంది. 20 గ్రాముల పొడి అంటే 28 గ్రాముల ద్రవం లోపలే ఉండిపోతుంది. అది వట్టి నీరు కాదు, కప్పులోకి వచ్చినంత చిక్కటి కాఫీయే. మెషిన్‌లో వెనకనుంచి కొత్త నీరు వచ్చి దాన్ని తోసేస్తుంది. నానబెట్టే పద్ధతిలో తోసేవాళ్లు లేరు. కాబట్టి నీళ్లు తగ్గించేకొద్దీ, కరిగిన కాఫీలో పెద్ద వాటా చెత్తబుట్టలోకి వెళ్తుంది.

పొడిని 18 నుంచి 20 గ్రాములకి పెంచి, మిగతావన్నీ అలాగే ఉంచి, మూడు నీటి కొలతలు చూశాం. 60 గ్రాములు పోస్తే కప్పులోకి 32 గ్రాములు, 6 శాతం, అంటే 1.9 గ్రాముల కాఫీ పదార్థం. 70 పోస్తే 42 గ్రాములు, 5.3 శాతం, 2.2 గ్రాములు. 80 పోస్తే 52 గ్రాములు, 4.7 శాతం, 2.4 గ్రాములు పైన. లక్ష్యంగా పెట్టుకున్న కప్పు 120 మి.లీ. కప్పు నిండేదాకా పాలు పోసి మూడూ రుచి చూస్తే, వట్టిగా తాగినప్పుడు అన్నిటికంటే చిక్కగా అనిపించిన 60 గ్రాములదే పాలలో అన్నిటికంటే పల్చన. కారణం స్పష్టమే: కప్పు పరిమాణం మారనప్పుడు లెక్కలోకి వచ్చేది షాట్ ఎంత చిక్కగా ఉందన్నది కాదు, కప్పులోకి మొత్తం ఎంత కాఫీ చేరిందన్నది. ఆవిడ ఆ మూడు కప్పులూ మళ్లీ మళ్లీ తిప్పి తాగారు, నమ్మడానికి కాస్త సమయం పట్టింది.

మరి 80 ఎందుకు తీసుకోలేదు? కాఫీ ఎక్కువే, కానీ పాలు తక్కువై కప్పు నీళ్లగా తగిలింది. ఎస్ప్రెస్సో పాల కాఫీలో చిక్కదనం సగం పాలదే. 70 దగ్గర రెండూ కుదిరాయి: 42 గ్రాముల కాఫీ, దాదాపు 80 మి.లీ. పాలు. మెషిన్ డబుల్ షాట్‌లో ఉన్న 3.2 గ్రాములతో పోలిస్తే ఇది ఇంకా మూడింట రెండు వంతులే, అది దాచకుండా చెప్పాను. అందుకే 150 మి.లీ. పాల అలవాటు మానుకోవాల్సి వచ్చింది. పెద్ద కప్పే కావాలంటే రెండుసార్లు ప్రెస్ చేయడం తప్ప వేరే దారి లేదు.

నొక్కే పద్ధతి చివరగా మార్చాం. ప్రెస్‌ని వంటగట్టు మీదినుంచి నడుము కంటే కిందుండే స్టూల్ మీదికి దించాం. మణికట్టు వంచకుండా, మోచేతులు చాచి, రెండు అరచేతులూ ఒకదానిమీద ఒకటి పెట్టి, ఒంటి బరువుని మెల్లగా వదలాలి. 30 నుంచి 40 సెకన్లు. తూకం మీద 12 కిలోలు దాటలేదు, నొప్పి లేదు. ఒత్తిడి తగ్గింది కదా అని ఆవిడ మళ్లీ కంగారుపడ్డారు, రిఫ్రాక్టోమీటర్ రీడింగ్ చూపించాను, మారలేదు. పొడి అప్పటికే ఇవ్వాల్సిందంతా నీళ్లకి ఇచ్చేసింది, నొక్కడం అంటే ఇప్పుడు పొడిని పిండి వడగట్టడమే. నెమ్మదిగా నొక్కితే కప్పు అడుగున మడ్డి కూడా తగ్గింది. బుస్సుమనే శబ్దం మొదలవగానే ఆపాలి, ఆ తర్వాత వచ్చేది గాలి, నలుసులు, కాస్త వగరు. కప్పు బరువైనది, మూతి వెడల్పున్నది, ప్రెస్ అంచు చుట్టూ సరిగా ఆనేది అయి ఉండాలి. పల్చటి గాజు గ్లాసు మీద నొక్కడం చూస్తే నాకు టెన్షన్ వస్తుంది, దాన్ని ఎవరితోనైనా అక్కడే మానిపించేస్తాను.

పాలు 60 నుంచి 65 డిగ్రీలకి వేడి చేసి చిన్న జాలీ ప్లంజర్‌తో నురుగు కట్టించాం. కాఫీ మీద రాని సన్నటి నురుగు పాల మీద వచ్చింది, ఆవిడ కంటికి కావాల్సింది అలా దొరికింది.

తర్వాత ఏమైంది

కొన్ని వారాల తర్వాత మాట్లాడినప్పుడు అదే రెసిపీ వాడుతున్నారు, మణికట్టు బాగుంది. కొత్త ప్యాకెట్ తెరిచినప్పుడు మాత్రం ఒకసారి పుల్లగా వచ్చిందట, వెంటనే గ్రైండ్ బాగా సన్నం చేశారట, ప్లంజర్ ఇరుక్కుందట. పాత అలవాటు అంత తొందరగా పోదు. అందుకే ఒక వరుస ఇచ్చాను: పుల్లగా ఉంటే ముందు గొట్టం నిజంగా వేడి చేశారా చూడండి, తర్వాత అడుగు దాకా కలిపారా, తర్వాత ఇంకో 20 సెకన్లు నానబెట్టండి, ఇవన్నీ అయ్యాక కూడా తేడా లేకపోతే అప్పుడు గ్రైండ్ ఒక్క మెట్టు సన్నం చేయండి. చేదుగా ఉంటే గ్రైండ్ ముందు ముతక చేయండి, వేడి తగ్గించడం తర్వాత. ఒక్కోసారి ఒక్కటే మార్చాలి. పులుపు విషయంలో గ్రైండ్‌ని చివర ఎందుకు పెట్టానంటే, ఈ ప్రెస్‌లో అది రుచితోపాటు నొక్కే బలాన్నీ మారుస్తుంది, ఆవిడ చేతికి ఆ రెండోదే ముఖ్యం.

ఇలాంటి ఫిర్యాదుతో ఎవరైనా వస్తే ఇప్పుడు నేను ముందు అడిగేది ఏ యాక్సెసరీ ఉందని కాదు. వట్టిగా తాగుతారా, పాలతోనా? కప్పు ఎంత? షాట్ బరువు ఎంత వస్తోంది? ఈ మూడు జవాబులతోనే నీటి కొలత తేలిపోతుంది. రిఫ్రాక్టోమీటర్ లేకపోయినా ఫరవాలేదు, పోసిన నీళ్లలోంచి కప్పులోకి వచ్చింది తీసేస్తే పొడిలో ఎంత మిగిలిపోతోందో తూకమే చెబుతుంది. ఇంట్లో ఉన్న పాత సామాను సంగతి అడిగితే, మామూలు మూతతో పనిచేసేవాళ్లకి వాల్వ్ మూత ఒక్కటే కొనమంటాను, అది కూడా నానబెట్టే సమయం చేతికొస్తుందని, నురుగు కోసం కాదు.

ఆవిడ చివర్లో ఒక ప్రశ్న వేశారు: పాలు లేకుండా, ఆఫీసులో లాంటి చిన్న షాట్ ఎప్పటికైనా దీంతో వస్తుందా? రాదు అని నేరుగా చెప్పాను. 60 గ్రాముల నీళ్ల కొలతతో చిక్కటి, మంచి కాఫీ వస్తుంది, కానీ నాలుకని పట్టి ఉంచే ఆ జిగురు, ఆ క్రీమా దీని పరిధిలో లేవు. అదే కావాలంటే లివర్ ఉన్న చేతి మెషిన్ చూడాలి, అందులో పొడవాటి లివర్ మన బలాన్ని చాలా రెట్లు చేసి పిస్టన్ మీద పెడుతుంది కాబట్టి మామూలు మనిషికి కూడా 6 నుంచి 9 బార్లు అందుతాయి. అప్పుడు ఆవిడ దగ్గరున్న సన్నటి గ్రైండ్ అలవాటు, లైట్ రోస్ట్ ఇష్టం రెండూ పనికొస్తాయి. లివర్ దించడానికి మణికట్టు ఎంతవరకు ఒప్పుకుంటుందో ఒకసారి చేత్తో పట్టుకుని చూశాకే కొనమన్నాను.